అడుగు వరసతో సహా

ఏటా అక్టోబరు చివర్లో, దుమిత్రు పండుగకు ముందరి ఆదివారం పాండేలె ఒలారు, ఆయన కూతురు జంఫీరా కలిసి తమ ఇంటి పొగగొట్టం దులిపేవారు. ఇప్పుడు ఆ అలవాటు లేదు.

పాండేలె కప్పు మీదికి ఎక్కి, ఇనపగుండూ కుచ్చూ కట్టిన తాడును గొట్టంలోకి దించేవాడు. కింద గదిలో జంఫీరా పొయ్యి పక్కనున్న చిన్న ఇనపతలుపు తెరిచి, రాలిన మసిని బకెట్లోకి తోడి, గోడ మేకుకు వేలాడే గుండ్రటి అద్దాన్ని తీసి ఆ సందులోకి ఏటవాలుగా చొప్పించేది. గొట్టం శుభ్రపడితే అద్దంలో బిళ్లంత ఆకాశం పడుతుంది. పైనుంచి మాట కిందికి దిగేది గాని, కిందినుంచి మాట పైకి చేరేది కాదు. అందుకని తండ్రి పైనుంచి "ఆకాశం కనిపిస్తోందా?" అని అడిగితే కూతురు పటకారుతో ఇనపతలుపు మీద కొట్టేది. ఒక దెబ్బ అయితే లేదని, రెండు దెబ్బలైతే కనిపిస్తోందని. రెండో దెబ్బ వినగానే ఆయన, "అయితే నిప్పు పెట్టు!" అనేవాడు. ఆ ఏటి తొలి నిప్పు ఎప్పుడూ జంఫీరాయే పెట్టేది.

పాండేలె పొయ్యిలు కట్టే మేస్త్రి. వంటపొయ్యిలు కావు. గది మూలన మనిషెత్తున నిలబడి, నున్నని రంగుపెంకులు తొడుక్కుని, తెల్లవారేదాకా వెచ్చదనాన్ని పట్టి ఉంచే పొయ్యిలు. బుకారెస్టులో గుట్ట మీది పాత పేటలో ఆయన చెయ్యి పడని పొయ్యి అరుదు. భూకంపం వచ్చిన ఏడు భార్య పోయింది. నలభై ఏళ్ల మసి ఆయన ఊపిరితిత్తుల్లో చేరింది. మెట్లెక్కితే మధ్యలో రెండుసార్లు ఆగవలసి వచ్చేది. కప్పు మీదికి మాత్రం ఎవరినీ ఎక్కనిచ్చేవాడు కాదు.

కూతురు భవననిర్మాణ విద్యలో ఆరో ఏడు, అంటే చివరి ఏడు, చదువుతోంది. చదువు ముగిశాక ప్రభుత్వం ఎక్కడికి పంపితే అక్కడికి వెళ్లి మూడేళ్లు పనిచేయాలి. రాజధానిలో దొరికే చోట్లు వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. జంఫీరాకు వాటిలో ఒకటి కావాలి. తండ్రిని ఆ దగ్గుతో ఒంటరిగా వదిలి వెళ్లలేదు. ఆమె కోరిక అంతే. తర్వాత ఆమె ఒప్పుకున్నవన్నీ ఆ ఒక్క కోరిక కోసమే ఒప్పుకుంది.

మొదట ఒప్పుకున్నది చెయ్యెత్తడం. లస్కర్ అనే వృద్ధ ఆచార్యుడు విద్యార్థుల చేత పాత పేటలోని ప్రతి ఇంటినీ టేపు పట్టించి కొలిపించేవాడు. ఒకసారి వాళ్ల ఇంటినే కొలిచారు. టేపు ఒక కొస జంఫీరా పట్టుకుంది, రెండో కొస ఆయన. పొగగొట్టం నాలుగు వేళ్ల మేర ఉత్తరానికి ఒరిగి ఉంటే, ఆ ఒరుగును కూడా కాగితం మీదికి ఎక్కించాడు.

"అది నా తప్పు, అయ్యవారూ," అన్నాడు పాండేలె. "ఆ రోజు కాస్త తాగి ఉన్నాను. అది రాయకండి."

"తాగి కట్టినా ఇరవై ఏళ్లు నిలిచింది. మా శిష్యులు తాగకుండా గీసినవి కాగితం మీదే కూలుతున్నాయి," అన్నాడు లస్కర్. ఇద్దరూ రేగుసారా గ్లాసులు ఖాళీ చేశారు.

ఆ పేట మీదుగా వెడల్పాటి కొత్త రహదారి వేయాలని నిర్ణయమైనప్పుడు, ఆ ఇళ్లు శిథిలమైనవని రాసి సంతకం పెట్టమన్నారు. లస్కర్ పెట్టలేదు. ఆయనను బోధన నుంచి తప్పించాలని సభ జరిగింది. అందరి చేతులూ లేచాయి. జంఫీరా చెయ్యి మిగతావాటికంటే కాస్త ఆలస్యంగా లేచింది. ఆ ఆలస్యాన్ని ఆమె తప్ప ఎవరూ గుర్తుపెట్టుకోలేదు.

లస్కర్ వెళ్లిపోయినా ఆయన కొలతలు మిగిలాయి. వాటిని పట్టుకుని ఒక పెద్ద హాలు నిండా ఊరి నమూనా కట్టారు. ఇల్లు ఒక్కొక్కటి అగ్గిపెట్టెంత. అట్టగోడలు, సన్నచెక్క కప్పులు, సూది దూరేటంత పొగగొట్టాలు. గుట్ట మీద మనుషులు కాపురమున్న ఇళ్లయితే, వాటి నమూనాల్లోంచి కూడా పొగ వచ్చేది. అంత నిక్కచ్చిగా కొలిచి కట్టిన ఇళ్లు మరి. రాకుండా ఎలా ఉంటుంది? శనివారాలు నమూనాల మేస్త్రి తుదోసె, "కిటికీలు తెరవండర్రా, గుట్ట మీద బట్టలు ఉడకేస్తున్నారు," అనేవాడు. శుక్రవారాలు చిక్కుడుగింజల చారు వాసనకు విద్యార్థులు గుటకలు మింగుతూ పనిచేసేవారు.

రహదారికి అడ్డొచ్చే ఇళ్లను ముందు నమూనాలోంచి తీసేయాలి. ఆ తర్వాతే కాగితం కూల్చేవాళ్ల దగ్గరికి వెళుతుంది. ఆ తీసే పని చివరి ఏడు విద్యార్థులది. సన్నని కత్తిని జిగురుగీత వెంట నడిపించి, ఇంటిని పైకెత్తి, చెత్తడబ్బాలో వేయాలి. కత్తి గీత పూర్తికాగానే చిన్న పొగగొట్టం ఆగిపోయేది. అదే ఘడియకు గుట్ట మీది అసలు ఇంట్లో పొయ్యి పొగను వెనక్కి, గదిలోకి, కక్కేది. పదిరోజులకు యంత్రాలు వచ్చేవి.

జంఫీరా చెయ్యి అందరిలోకీ శుభ్రమైనదని పేరు తెచ్చుకుంది. ఆమె తీసిన చోట గీత కూడా మిగిలేది కాదు.

పొయ్యి పొగ కక్కితే జనం ఎవరిని పిలుస్తారు? పాండేలెనే పిలిచేవారు.

జనవరిలో ఒకనాటి మధ్యాహ్నం పక్కవీధి కాలియోపి, డెబ్బై దాటిన మనిషి, గుమ్మంలోంచే కేకేసింది. "మరిదీ! నా పొయ్యికి పిచ్చెక్కింది. నిన్నటిదాకా పిల్లిలా గుర్రుపెడుతూ పడి ఉండేది, ఇవాళ నా మొహాన పొగ ఊదుతోంది. నీ కట్టుబడే కదా, వచ్చి చెవి మెలిపెట్టు."

"ఇన్నేళ్లు నోరు మూసుకున్నది ఇవాళ ఎందుకు ఊదింది వదినా? మళ్లీ పాత చెప్పులేమన్నా కాల్చావా?"

"చెప్పులుంటే తొడుక్కోనూ! నీ పరాచికాలకేం గాని, కోటు వేసుకో. చలికి చచ్చిపోతున్నాను."

పనిముట్ల సంచీ మోయడానికి జంఫీరా వెంట వెళ్లింది. పాండేలె గొట్టం దులిపాడు. అద్దం పెట్టి చూశాడు. ఆకాశం నిండుగా కనిపించింది. కాగితం ముక్క వెలిగించి పొయ్యి నోట్లో పెడితే మంట బయటికే వంగింది. ఆయన చాలాసేపు ఆ మంటవంకే చూసి, చేతులు తుడుచుకున్నాడు.

"పొయ్యిలో తప్పేమీ లేదు వదినా."

"మరి?"

"సామాను సర్దుకో."

కాలియోపి పొయ్యిపెంకు మీద అరచెయ్యి ఆనించి ఉంచింది. అది అప్పటికే చల్లబడింది. "కొత్త భవంతుల్లో ఎన్నో అంతస్తు ఇస్తారో ఏమో," అంది. తర్వాత జంఫీరా వైపు తిరిగి, "నువ్వు పెద్ద చదువు చదువుతున్నావుగా, కాస్త కింది అంతస్తు ఇమ్మని అడుగమ్మా వాళ్లను," అంది.

"అడుగుతాను పెద్దమ్మా," అంది జంఫీరా.

ఆ ఇంటిని ఆమె ఆ ఉదయమే పదిగంటలకు కోసింది. అడుగుతానన్నది గాని, ఎవరినీ అడగలేదు. కాలియోపికి తొమ్మిదో అంతస్తు ఇచ్చారు. లిఫ్టు ఉండేది కాదు. ఆమె వేసవిని చూడలేదు.

ఇంటికి వచ్చాక పాండేలె, "వదిన పొయ్యి ఆగిపోయింది. పొద్దున పదింటికట," అన్నాడు.

"అలాగా," అంది జంఫీరా.

అప్పటినుంచి రోజూ భోజనాల దగ్గర ఆయన ఆగిపోయిన పొయ్యిల వీధి పేరు చెప్పేవాడు, ఆమె అలాగా అనేది. శీతాకాలం చివరికి ఆమె కోసినవి అరవై మూడు ఇళ్లు. తమ సందు వంతూ వస్తుందని ఇద్దరికీ తెలుసు; రహదారి గీత ఒక్కో వీధీ దాటి మల్బరీ సందు వైపే నడిచి వస్తోంది.

మార్చిలో ఒక సోమవారం హాలు అధికారి వోర్నికు ఆమెను గదిలోకి పిలిచాడు. ఎప్పుడూ మర్యాద తప్పని మనిషి. "కూర్చోండి, కామ్రేడ్. మల్బరీ సందు కుడివైపు మీకిస్తున్నాను. శనివారం పెద్దలు చూడ్డానికి వస్తున్నారు. శుక్రవారానికి నున్నగా ఉండాలి."

"అందులో మా ఇల్లుంది, కామ్రేడ్."

"తెలుసు. అందుకే మీకు. పక్కవాళ్లకిస్తే మీరు బాధపడతారని." ఆయన సొరుగు కొంచెం లాగి, ఒక కాగితం అంచు కనిపించనిచ్చి, మళ్లీ మూశాడు. "మీ పోస్టింగు. ఇక్కడే, రాజధానిలో. మీ నాన్నగారి ఆరోగ్యం సంగతి మాకు తెలియదనుకున్నారా?"

ఆమె లేచి నిలబడి, ధన్యవాదాలు చెప్పింది. ఆ మాట తన నోటినుంచి ఎలా వచ్చిందో ఆమెకు ఎన్నడూ అర్థం కాలేదు.

ఆ సాయంత్రం పాండేలె మొక్కజొన్న సంకటి పలక మీద బోర్లించి, రెండు చేతుల మధ్య దారం బిగించి కోశాడు. కోస్తూనే అడిగాడు. "ఎడమవైపు వాళ్లవి ఇవాళ ఆగిపోయాయి. మనవైపు ఎప్పుడమ్మా?"

మొదటిసారి ఆయన అడిగాడు. జంఫీరా చెంచా కింద పెట్టింది.

"శుక్రవారం."

"ఎవరు?"

"నేనే, నాన్నా."

దారం సంకటి మధ్యలో ఆగింది. మళ్లీ కదిలింది. "నువ్వయితేనే మంచిది. వేరేవాడయితే మూల చింపుతాడు."

"అట్లా అనకు నాన్నా. తిట్టు. ఒక్కసారి తిట్టు."

"తిడితే ఏం చేస్తావు? మానేస్తావా? నువ్వు మానేస్తే ఇంకొకడు కోస్తాడు, నిన్ను ఎక్కడో గనుల ఊరికి తోలతారు, నేనిక్కడ తొమ్మిదో అంతస్తులో గోడల్ని తిడుతూ కూర్చోవాలి." ఒక ముక్క ఆమె పళ్లెంలో వేశాడు. "తిను. చల్లారితే రాయి అవుతుంది."

కొంతసేపు తిన్నారు. ఆయనకు దగ్గు తెర వచ్చి తగ్గింది. అప్పుడు, ఏదో పనిమాట చెబుతున్నట్టు, "పొయ్యిని ఒక ఇంటినుంచి ఇంకో ఇంటికి మార్చమంటే కుర్ర మేస్త్రీలు ఏం చేస్తారో తెలుసా? పెంకులు ఒక్కొక్కటే ఊడదీసి, అక్కడ మళ్లీ పేరుస్తారు. చూడ్డానికి అదే పొయ్యి. కాని పొగ లాగదు. ఎందుకు లాగదు? అడుగు వరస ఇక్కడే వదిలేస్తారు, నేలను అంటుకున్న ఇటుకలు. పొయ్యి ప్రాణం అక్కడుంటుంది. అడుగు వరసతో సహా ఎత్తాలి. బరువే, నడుం పడిపోతుంది. కాని బతుకుతుంది," అన్నాడు.

జంఫీరా ఆయన ముఖంలోకి చూసింది. ఆయన దారాన్ని వేలికి చుట్టుకుంటున్నాడు.

శుక్రవారం ఆమె మల్బరీ సందు కుడివైపు ఇళ్లను వరసగా జిగురుగీత వెంట కోసింది. తమ ఇంటి దగ్గరికి వచ్చేసరికి కత్తిని ఇంకా కిందికి దించింది. గోడల చుట్టూ కాక, పెరడు చుట్టూ, కంచె బయట, నేల అట్టలోకి.

తుదోసె వెనక నిలబడి ఉన్నాడు. "అమ్మాయీ, జిగురు దగ్గర కొయ్యాలి. నేల దగ్గర కాదు."

"తెలుసు తాతా."

"నేల కోస్తే గుంట పడుతుంది. గుంట పూడ్చినా కనిపిస్తుంది."

"తెలుసు."

ఇల్లు నేలతో సహా ఆమె అరచేతిలోకి వచ్చింది. ఒరిగిన పొగగొట్టంలోంచి పొగ ఆగలేదు. తుదోసె దానివంక చూశాడు. జేబులోంచి తన తిండిడబ్బా తీసి, మిగిలిన రొట్టె తుదకంటా నమిలి, డబ్బా తుడిచి ఆమె చేతికిచ్చాడు. "మూతకు ఒక చిల్లు పొడుచుకో. లేకపోతే మీ నాన్నకు ఊపిరాడదు."

ఆ రోజు మల్బరీ సందు కుడివైపు ప్రతి ఇంటా పొయ్యి పొగ కక్కింది. పాండేలె పొయ్యి తప్ప.

ఆమె ఆ డబ్బాను ఒళ్లో పెట్టుకుని ట్రాములో ఇంటికి వెళ్తున్నప్పుడు ఒక సంగతి ఆమెకు తట్టింది. అరవై మూడు ఇళ్లను కూడా ఇలాగే ఎత్తగలిగేది. ఎవరూ ఆమెకు చెప్పలేదు గాని, ఆమె కూడా ఎవరినీ అడగలేదు. కాలియోపి ఇంటిని కోసిన రోజే తండ్రిని అడిగి ఉంటే ఆయన చెప్పేవాడు. అలాగా అని తలవంచుకుని అన్నం తిన్న ఆ సాయంత్రాలన్నీ ఒక్కసారిగా వచ్చి ఆమె మీద కూర్చున్నాయి. దిగవలసిన స్టాపు దాటిపోయింది.

తుదోసె గుంటను పూడ్చాడు. శనివారం వచ్చిన పెద్దల్లో ఒకరి వేలు సరిగ్గా ఆ అతుకు మీదే ఆగింది. "ఇక్కడ నేల రంగు మారిందేం?" అని మాత్రం అడిగారు. వోర్నికు సోమవారం జంఫీరాను పిలిచి, అంతే మర్యాదగా సొరుగు తెరిచి, ఆ కాగితం తీసి నాలుగు ముక్కలు చేశాడు. వేసవిలో వచ్చిన కొత్త కాగితంలో పశ్చిమాన ఒక గనుల ఊరి పేరుంది.

యంత్రాలు కూడా ఆ సోమవారం తర్వాతి బుధవారమే వచ్చాయి. పెద్దలకు తొందర. పాండేలె సామానంతా లారీ మీదికి ఎక్కించాక, కోటు గుండీలు పెట్టుకుని, టోపీ సర్దుకుని, వాకిట్లో నిలబడ్డాడు. జంఫీరా అప్పటికే లారీ వెనక మంచం మీద, డబ్బా ఒళ్లో పెట్టుకుని కూర్చుని ఉంది.

"అద్దం మరిచాను," అన్నాడాయన.

"వద్దులే నాన్నా. అక్కడ పొయ్యి లేదుగా, అద్దమెందుకు?"

"అద్దం లేకుండా ఎట్లా అమ్మడూ?" అని ఆయన లోపలికి వెళ్లి, చలిగాలి లోపలికి రాకుండా ఎప్పుడూ వేసేటట్టే తలుపు దగ్గరగా వేశాడు.

పావుగంట చూశాక, కూల్చేవాళ్ల పెద్ద ఇద్దరు సైనికుల్ని పంపాడు. వాళ్లు గదులన్నీ తిరిగి వచ్చి ఎవరూ లేరన్నారు. గోడమేకు ఖాళీగా ఉందన్నారు. పెద్ద తన కాగితాల పలక పట్టుకుని లారీ దగ్గరికి వచ్చాడు.

"ఏమ్మా, మీ నాన్న ఎక్కడ?"

"ఇంట్లో."

"ఏ ఇంట్లో? చూసొచ్చారుగా."

జంఫీరా డబ్బా పైకెత్తి చూపించింది. మూతచిల్లులోంచి సన్నని పొగ లేస్తోంది. ఆయన కాసేపు చూసి, ముక్కు ఎగబీల్చి, కాగితం మీద 'నివాసి చిరునామా మార్చుకున్నాడు' అని రాశాడు. "ఇక్కడ సంతకం పెట్టు," అన్నాడు. ఆమె పెట్టింది. యంత్రం మొదట పొగగొట్టాన్ని పడేసింది. అది పడేముందు కూడా ఉత్తరానికే ఒరిగింది.

గనుల ఊళ్లో ఆమెకు నాలుగో అంతస్తులో ఒక గది ఇచ్చారు. పగలంతా ఒకే రకం భవంతిని మళ్లీ మళ్లీ గీసేది. పేర్లూ నంబర్లూ మాత్రం మారేవి. ఎవరూ ఆమెను ఇంకేదీ ఒప్పుకోమని అడగలేదు. అడగడానికి ఆమె దగ్గర ఏమీ మిగలలేదని వాళ్లకు తెలిసినట్టుంది. గదిని వెచ్చబరచడానికి గోడకు బిగించిన వేడినీటి ఇనపగొట్టాలు గోరువెచ్చగా కూడా ఉండేవి కావు. కిటికీ పక్కన బల్ల మీద చిన్న ఇల్లు మాత్రం రోజూ ఆరింటికి పొగ వదిలేది. సాయంత్రం ఆమె అగ్గిపుల్లను వెంట్రుకంత సన్నగా చీల్చి, ఆ చీలికల్ని గుమ్మం దగ్గర పేర్చి, పక్కన ఒక సంకటి మెతుకు పెట్టేది. తెల్లారేసరికి అవి ఉండేవి కావు. పొగ ఒక్కోసారి తెరలుతెరలుగా వచ్చేది. దగ్గు వచ్చినప్పుడన్నమాట. ఆమె కప్పు ఎత్తి ఎన్నడూ చూడలేదు. మాట్లాడింది మాత్రం చాలా. లస్కర్ సభ గురించి, కాలియోపి గురించి, ట్రాములో తట్టిన సంగతి గురించి. పైనుంచి మాట కిందికి దిగుతుందని ఆమెకు తెలుసు.

మూడో ఏటి ఫిబ్రవరిలో గుమ్మం దగ్గర పుల్లలు అలాగే ఉండిపోయాయి. మరునాడు వాటి పక్కన మరికొన్ని పేర్చింది. మూడోనాడు పేర్చలేదు.

కాని దానికి ముందు అక్టోబరులో, దుమిత్రు పండుగకు ముందరి ఆదివారం, వాళ్లు పొగగొట్టం దులిపారు. కప్పు మీదికి ఎక్కే శక్తి ఇప్పుడు ఆయనకు లేదు కనుక, రెండేళ్లుగా పైపని ఆమెదే. పావురం ఈక కొసను కత్తిరించి, ఒరిగిన గొట్టం వాలుకు సరిగ్గా ఒంచి, మెల్లగా దించి, తిప్పి, తీసింది. ఈక నల్లబడింది. మూడుసార్లు దించాక శుభ్రంగా వచ్చింది. అప్పుడామె కిటికీ తెరిచి, ఇంటిని అరచేతిలో పెట్టుకుని, చెయ్యి బయటికి చాచింది, గొట్టానికి పైన తన తల గాని, పై అంతస్తు గాని అడ్డురాకుండా.

"ఆకాశం కనిపిస్తోందా, నాన్నా?"

కింద గనుల బండ్లు వెళ్తున్నాయి. అవి వెళ్లేదాకా ఆగింది. అరచేతికి తగిలింది, చెవికి వినిపించేకంటే ముందే. గడియారం ముల్లు కదిలినంత చప్పుడు. ఒక దెబ్బ. రెండోది కాస్త ఆలస్యంగా వచ్చింది.

"అయితే నిప్పు పెట్టు," అంది జంఫీరా.